సూదులాయన సినిమా

మా షాపులో మిషన్ సూది విరిగిందంటే నాకు ఇప్పటికీ ఆయనే గుర్తొస్తాడు. అశ్వారావుపేట బస్టాండు పక్క సందులో ఉన్న మా కుట్టుషాపుకు బట్టలేమీ తేకుండా వచ్చి, విరిగిన సూదులు అడిగి తీసుకుపోయిన మనిషి ఆయనొక్కడే. పాపమని మంచి సూది ఇవ్వబోతే తల అడ్డంగా ఊపేవాడు. "మంచి సూది చెప్పినట్టు వింటదమ్మా. నాకు చెప్పిన మాట వినని సూది కావాలె" అనేవాడు. చెప్పిన మాట వినని వాటికి మా ఇంట్లో కరువా, దీన్ని తీసుకుపొమ్మని మా అమ్మీ నన్ను చూపించి అనేది.

ఆ సూదులతో ఆయన సినిమా గీసేవాడు. నేను తప్పుగా రాయలేదు, గీసేవాడనే రాశాను. గోడ గడియారంలా కీ ఇచ్చి తిప్పే పాత కెమెరా ఒకటి ఆయన దగ్గరుండేది. దాంతో ఏదో ఒకటి తీసి, రీలు తనే కడుక్కుని, దానిమీద సూదితో గీతలు గీసి, పసుపు పూసి, పామాయిల్ రాసి ఎండలో ఆరబెట్టేవాడు. ఖమ్మంలో ఆయనున్న కిరాయి గదిలో బట్టలారేసే తాడు మీద రీళ్ళే వేలాడేవట, బట్టలు మాత్రం కుర్చీ మీదుండేవట. ఆయనకొక మంచి పేరుంది. మా ఇంట్లో దాన్ని ఎవరూ వాడలేదు. నాకు ఆయన సూదులాయన, మా అమ్మీకి పాగల్.

మొదటిసారి వచ్చినప్పుడు చొక్కా కుట్టించుకోవడానికే వచ్చాడు. ముందు రెండు జేబులు, వెనక వీపు మీద ఒక జేబు కావాలన్నాడు.

"వీపు మీద జేబేందయ్యా? చెయ్యి అందుతదా?" అంది అమ్మీ.

"అందదు ఆపా. అందుకే." అమ్మీని అక్కా అన్నట్టు ఆపా అని పిలిచేవాడు.

"అందని జేబుల ఏం పెట్టుకుంటవు?"

"నేను దాచిపెట్టి మర్చిపోవాల్సినవి."

అమ్మీ నా వైపు చూసి, కణత దగ్గర వేలు పెట్టి తిప్పింది. కానీ ఆ జేబు కుట్టింది. పైగా జారిపోకుండా మూత పెట్టి, గుండీ కూడా వేసింది. పిచ్చోడిదైనా పని పనే అనేది ఆమె లెక్క.

ఆయన తీసిన సినిమాలు చెబితే నమ్మరు. కారేపల్లి రైల్వే గేటు పడినప్పుడల్లా పోయి, గేటు ముందు ఆగినవాళ్ళ ముఖాలు తీశాడు. ట్రాక్టరు మీద మిర్చి బస్తాల పక్కన కూర్చున్నామె, బైకు ఆపి పుల్లతో పళ్ళు కుట్టుకునేవాడు, ఫోన్లో ఎవరినో బతిమాలుతున్న కొత్త పెళ్ళికొడుకు. అందరూ రైలు కోసం చూస్తుంటారు. రైలు కూత వినపడగానే ఈయన కెమెరా కట్టేసేవాడు. "రైలొచ్చింది, సినిమా అయిపోయింది" అని లేచి దుమ్ము దులుపుకునేవాడు. రైలు తియ్యకుండా రైలు సినిమా ఏమిటని నేనడిగితే, "రైలు అందరూ తీస్తరు గదమ్మా, దానికి నా అవసరమేంది?" అన్నాడు.

దమ్మపేట అవతల, ఆంధ్రా సరిహద్దు పొలాల్లో పొద్దంతా ఒక కోడి వెంట తిరిగాడు. ఆ కోడి తిండి ఆంధ్రాలో తిని, గుడ్డు తెలంగాణలో పెడుతుందట. కోడిగలామె ఈయన్ని చూసి భూముల సర్వేకి వచ్చిన ఆఫీసరనుకుని భయపడి, మజ్జిగిచ్చి, కోడికి పట్టా ఏమన్నా వస్తుందా అని అడిగింది. ఈయన నవ్వలేదు. "ప్రయత్నం చేద్దామమ్మా" అన్నాడు. అదీ మనిషి.

అసలు పిచ్చి ఇంకోటుంది. సినిమాలు పగలు చూపించేవాడు. మిట్టమధ్యాహ్నం, పామాయిల్ తోటల అంచున రెండు కర్రలకు తెల్ల దుప్పటి కట్టి, జనరేటరు పెట్టి, సినిమా మిషన్ తిప్పేవాడు. ఆ ఎండలో దుప్పటి మీద ఏం కనపడుతుంది? దుప్పటి కనపడుతుంది. మిషన్ టకటకా కొట్టుకుంటుంటే ఈయన పక్కన నిలబడి, "ఇగో, ఇప్పుడు గేటు పడ్డది. ఇగో, మిర్చి బస్తాలామె ఆవలించింది" అని చెబుతుండేవాడు. గెలలు కోసే కూలీలు నీడన కూర్చుని ఖాళీ దుప్పటి వైపు చూసి, ఒకరి ముఖాలు ఒకరు చూసుకుని, నవ్వు ఆపుకోలేక దొర్లేవాళ్ళు. నేనొకసారి కోపమొచ్చి, రాత్రి చూపించవచ్చు కదా అన్నాను.

"చీకట్ల అయితే అందరు తెరనే చూస్తరు. పక్కనోళ్ళను ఎవలు చూస్తరు?" అన్నాడు.

ఇక మా అమ్మీ సంగతి చెప్పాలి. ఊళ్ళో సగంమంది ఆడవాళ్ళ జాకెట్లు ఆమె చేతిమీదుగా పోయినవే. మిషన్ తొక్కుతూ తిట్టేది, తిడుతూ తొక్కేది, రెండూ ఒకే వేగంతో నడిచేవి. ఫొటో అంటే మాత్రం పడదు. పెళ్ళిలో కెమెరా లైటు ఇటు తిరిగిందంటే కొంగు ముఖం మీదికి లాక్కుని గోడవైపు తిరిగేది. ఆధార్ కార్డులో ఉన్న ముఖం ఎవరిదో అల్లాకే తెలియాలి. రేషన్ డీలరు దాన్ని చూసి, "ఈమెను తోల్కరాపో అమ్మా" అని అమ్మీకే చెప్పాడు.

ఒకరోజు సూదులాయన ఖాళీ రీలు ముక్కొకటి పట్టుకుని వచ్చాడు.

"ఆపా, దీన్ని మిషన్ మీద కుట్టాలె."

అమ్మీ రీలును వేళ్ళతో తడిమి చూసింది. "నడిమిట్లనా, అంచునా?"

"నడిమిట్ల. దారం లేకుండ."

"దారం లేకుండ కుట్టుడేందయ్యా! పిండి లేకుండ రొట్టె చెయ్యమంటవా?"

"అవ్ ఆపా, గట్లనే. రంధ్రాలు చాలు. ఆ రంధ్రాలల్లకెళ్ళి వెలుతురు వస్తది."

దానితోపాటు ఇంకో కోరిక కూడా కోరాడు. ఆమె కుడుతుండగా తీస్తాడట. అమ్మీ ఆయన్ని ఎగాదిగా చూసి, "చేతులు తీస్కో. మొకం తీసినవనుకో, సూది కింద నీ వేలు పెట్టి కుడత. దానికైతే దారం ఎక్కిస్త" అంది. సరేనన్నాడు. నేను ఆ వేడుక చూస్తూ కూర్చునేదాన్నే, కానీ జాకెట్ల హుక్కులు అయిపోయాయి. తెమ్మని అమ్మీ నన్ను బజారుకు తరిమింది.

నేను తిరిగొచ్చేసరికి సూదులాయన గడప మీద కూర్చుని జొన్నరొట్టె, గోంగూర తింటున్నాడు. అప్పటికే ఒకటి అయిపోయి రెండోది నడుస్తోంది. చెయ్యి వీపు జేబుకు తుడుచుకోబోయి, అందక, గడపకే తుడిచాడు. అమ్మీ ముఖం ఎర్రగా కందిపోయింది.

"మున్నీ, గీ పాగల్ ఏం చేసిండో చూడు. సూది పటుక్కున విరిగింది. తిడుదామని ఇట్ల తిరిగిన. తిట్టినంత సేపు ఆ కెమెరా ఆపనే లేదు! మొకమంత తీసిండు!"

"కోసేస్త ఆపా" అన్నాడాయన, నోట్లో రొట్టెతో.

"కొయ్యి. ఇప్పుడే కొయ్యి."

"కడిగినంక కోస్త."

అమ్మీ కొత్త సూది బిగించి, మిషన్ మీద కూర్చుని, ఎవరిదో జాకెట్టు చెయ్యి కుట్టడం మొదలుపెట్టింది. కాసేపటికి తల ఎత్తకుండానే అడిగింది.

"ఇంతకీ ఎట్ల వచ్చిన?"

సూదులాయన తినడం ఆపాడు. "తిట్టేటప్పుడు మీ అంత కళ ఎవలకుంటది ఆపా."

మిషన్ ఇంకో చెయ్యి కుట్టేదాకా ఆగలేదు. అప్పుడంది, "అయితే ఉండనీ. గానీ ఈ చుట్టుపక్కల చూపిచ్చినవంటే ఊకోను. నన్ను ఎరుగని తావుకు తీస్కపో."

భద్రాచలం దారిలో అడవి లోపల ఒక గూడెం ఉందని, అక్కడ ఆమెను ఎరిగినవాళ్ళుండరని ఆయన మాటిచ్చాడు. మాట నిలబెట్టుకున్నాడు కూడా. కుట్టిన ముక్కను, తిట్టిన ముక్కను కలిపి, గేటు సినిమాకు ముందు అతికించి, ఆ గూడెంలో ఒక్కచోటే చూపించాడు. నేను మాత్రం దాన్ని చూడలేదు.

తర్వాత అమ్మీ పోయింది. దవాఖానాలో పక్క మంచమామె జాకెట్టు చంకలో బిగుతుగా ఉందని తిడుతూనే పోయింది. నలభై దినాల ఫాతిహా ప్రార్థన అయ్యాక ఆమె ముఖం చూడాలనిపించి, చుట్టాలందరి ఫోన్లూ వెతికాను. చిన్నమ్మ కొడుకు పెళ్ళి వీడియోలో ఒక మోచెయ్యి దొరికింది. అది అమ్మీ మోచెయ్యే, నాకు తెలుసు. ఆ మోచేతిని పెద్దది చేసి ఎన్నిసార్లు చూసుకున్నానో చెబితే మీరు నన్ను కూడా పాగల్ అంటారు.

సూదులాయనకు ఫోన్ చేసి, ఆ సినిమా నాకు కావాలన్నాను.

"నా దగ్గర లేదమ్మా. గూడెంల ఇచ్చి వచ్చిన. చూసినోళ్ళదే గద సినిమా."

"కాపీ ఇయ్యండి."

"కాపీ తియ్యలే."

"ఒక్కటి కూడ తియ్యలేదా?"

"మీ అమ్మ ఒక్కతే గదమ్మా."

నాకు ఒళ్ళు మండిపోయింది. అమ్మీ దగ్గర నేర్చుకున్నవన్నీ వరసగా తిట్టాను. ఆయన అన్నీ విని, "అచ్చం ఆపా లెక్కనే" అని, వానలు తగ్గగానే గూడెం పోయి తెస్తానన్నాడు. వానలు తగ్గాయి. మనిషి రాలేదు. మళ్ళీ ఫోన్ చేస్తే ఇంటి ఓనరు ఎత్తి, "ఆయన నిద్రలనే పోయిండమ్మా. ఈ తాడు మీది ప్లాస్టిక్ రిబ్బన్లు ఏం చెయ్యాల్నో మీకేమన్న తెలుసా?" అని అడిగాడు. ఆయన కోసం ఏడ్చానో, అమ్మీ ముఖం రెండోసారి పోయినందుకు ఏడ్చానో ఇప్పటికీ విడదీసి చెప్పలేను. ఏ గూడెమో ఎవరికీ తెలియదు.

ఆ మీదట చాలాకాలానికి, మొన్న ఎండాకాలం మొదట్లో, భుజాన తువ్వాలు వేసుకున్న ఒక పెద్దాయన షాపు ముందు నిలబడ్డాడు. ముఖాన ఎండ, చేతిలో కొలత కోసం విరిచిన వెదురు పుల్ల.

"కుట్టుమిషనామె ఇల్లు ఇదేనా బిడ్డా? సంచి కుట్టాలె. గీ పుల్లంత వెడల్పు, గుండ్రంగ. మా కొత్త వేల్పుకు."

వేల్పులకు మేమెప్పుడూ కుట్టలేదు, అయినా గుడ్డ కత్తిరించడం మొదలుపెట్టాను. ఆయన మిషన్ను చూశాడు, గోడకున్న కత్తెరను చూశాడు, ఎరిగిన ఇంటికొచ్చినట్టు తల ఊపాడు.

"మీ అమ్మ మా కాడ మంచిగనే ఉన్నది" అన్నాడు.

కత్తెర ఆగిపోయింది. "మా అమ్మ పోయి చానా దినాలైంది తాతా."

"పోయిందా? అయ్యో! మాకు తెల్వదు బిడ్డా. మా కాడ నిరుడు గూడ తిట్టింది."

ఆయన నింపాదిగా కూర్చుని, గొంతు తగ్గించి అసలు పని చెప్పాడు. "ఇంతకీ మున్నీ అంటె ఎవలు?"

"నేనే."

ఆయన నెత్తి మీద చెయ్యి పెట్టుకున్నాడు. "నువ్వేనా తల్లీ! నువ్వు పల్కక మా వేల్పు నడిమిట్లనే ఆగింది గద!"

వాళ్ళ గూడెం పద్ధతి ఆయనే విడమరిచి చెప్పాడు. పూర్వీకుల బొమ్మలున్న గుడ్డే వాళ్ళకు వేల్పు, దాన్ని వెదురుబొంగులో చుట్టి దాచుకుంటారు. ఏడాదికొకసారి తీసి, వాగులో స్నానం చేయించి, పరిచి, ఒక్కొక్క బొమ్మ మీద వేలు పెట్టి పెద్దాయన వాళ్ళ కథ చెబుతాడు. ఎవరిని పిలిస్తే ఆ మనిషి పలకాలి, లేకపోతే వాళ్ళ ఇంటివాళ్ళు పలకాలి. పలికితేనే వేలు ముందుకు జరుగుతుంది. సూదులాయన తన రీలు వాళ్ళ చేతికిచ్చి జాగ్రత్తగా చూసుకోమన్నాడు. జాగ్రత్త అంటే వాళ్ళకు తెలిసిన జాగ్రత్త అదొక్కటే. దాన్నీ వేల్పుల పక్కన పెట్టారు, దాని కథనూ ఏటా చెబుతున్నారు. అందులో అమ్మీ మున్నీని పిలుస్తుందట. సూదులాయన బతికుండగా ఏటా వచ్చి తనే పలికేవాడట, మా షాపు గుర్తులు చెప్పిందీ ఆయనేనట. ఆయన పోయాక పలికే దిక్కులేక కథ అక్కడే ఆగుతోంది. రైలు గేటు దాకా పోవడమే లేదు.

"స్నానం" అన్న మాట నాకు అప్పుడే గుచ్చుకోవాల్సింది. అమ్మీ ముఖం దొరికిందన్న సంబరంలో చెవికెక్కలేదు. షాపు షట్టరు దించి, సంచి చంకన పెట్టుకుని ఆయన వెంట బస్సెక్కాను. దారి పొడవునా ఫోన్ చార్జింగ్ చూసుకుంటూనే ఉన్నాను. ఆ రీలు వెలుతురుకు పెట్టి, అమ్మీ ఉన్నచోట ఒక్క ఫొటో తీసుకుంటే చాలనుకున్నాను.

మేం చేరేసరికి గూడెమంతా వాగు దగ్గరే ఉంది. మోకాలి లోతు నీళ్ళలో ఒకామె నిలబడి, కుంకుడు నురగతో ఏదో రుద్దుతోంది. రీలు. సినిమా రీలు. పసిపిల్లకు తలంటినట్టు రుద్దుతోంది.

"అమ్మా! ముంచకుండ్రి! నీళ్ళల్ల ముంచకుండ్రి!" అని అరుస్తూ చెప్పులతోనే వాగులోకి దిగాను. రీలు లాక్కుని ఎండకు పెట్టి చూశాను. గాజులా ఉంది. బొమ్మ లేదు, రంగు లేదు. మూర తర్వాత మూర జరిపాను, ఏమీ లేదు. ఏటా అంత శ్రద్ధగా తోమితే ఏం మిగులుతుంది? అవతలి కొండ, దాని మీది చెట్లు ఆ రీలులోంచి బ్రహ్మాండంగా కనపడుతున్నాయి. మా అమ్మీ తప్ప అన్నీ కనపడుతున్నాయి.

"బొమ్మలన్ని పోయినయి తాతా! కడిగి కడిగి పోగొట్టిండ్రు!" అని అక్కడే నీళ్ళలో కూర్చుని ఏడ్చాను.

పెద్దాయన కంగారుపడ్డాడు. "ఏం పోయినయి బిడ్డా? ఆయన దుప్పటి కట్టి చూపిచ్చిన నాడు గూడ ఏం కనపడలె. గిట్లనే తెల్లగ ఉండె. ఆయన చెప్పిండు, మేం విన్నం. ఇప్పుడు మేం చెప్తున్నం."

ఆ మిట్టమధ్యాహ్నపు ఖాళీ దుప్పటి నాకూ తెలుసు. ఏడుపులోనే నవ్వొచ్చింది. నవ్వించినందుకు ఆయన మీద, ఆ సూదులాయన మీద పిచ్చి కోపమొచ్చింది. వెంటనే ఇంటికి పోదామనుకున్నాను. కానీ అప్పటికే రీలును తుడిచి, పసుపు బొట్టుపెట్టి, ఒడ్డున చాప మీద పరిచేశారు. అందరూ చుట్టూ కూర్చున్నారు. నన్ను ముందు కూర్చోబెట్టారు.

పెద్దాయన కళ్ళు మూసుకుని, రీలు మీద బొటనవేలు జరుపుకుంటూ పోయాడు. ఒకచోట వేలు ఆగింది. "కన్నాలొచ్చినయ్. కుట్టుమిషనామె వచ్చింది" అన్నాడు.

నేను వంగి చూశాను. రీలు నడుమ సన్నగా, తిన్నగా, ఒకదాని వెంట ఒకటి సూది రంధ్రాలు. బొమ్మను కడిగారు గానీ కుట్టును ఎవరు కడగగలరు? ఎక్కడా వంకరపోని వరస. అమ్మీ చేతి పని.

ఆయన గొంతు మారింది. "దారం లేకుండ కుట్టమంటివి. సూది విరగ్గొడితివి. నీకేమన్న దయ్యం పట్టిందా? ఎండల సినిమా చూసెటోడు లేడు, దారం లేని కుట్టు తొడిగెటోడు లేడు, నువ్వు ఏ దేశపోనివయ్యా! ఆ ఎముకల గూడు మీద వీపు జేబొకటి!" గూడెం అంతా గలగలా నవ్వింది. నేను నవ్వలేదు. ఆ గొంతు ఆయనదే, మాటల విసురు మాత్రం మా అమ్మీది. సినిమా మిగిలి ఉంటే నాకు ముఖం దొరికేదేమో గానీ అందులో మాట లేదు. అది మూగ కెమెరా.

వేలు చివరి రంధ్రాల దగ్గరికి వచ్చింది. "మున్నీ! ఓ మున్నీ! గీ పిచ్చోడు పొద్దుగాల్నుంచి ఏమన్న తిన్నడో లేదో అడుగు!"

నవ్వులు ఆగిపోయాయి. ఆ రోజు నేను హుక్కుల కోసం బజారులో ఉన్నాను. ఆ పిలుపు నాకు వినపడనే లేదు. పెద్దాయన కళ్ళు తెరవలేదు, వేలు జరపలేదు. అందరూ నా వైపే చూస్తున్నారు.

"తిన్నడు అమ్మీ" అన్నాను. "రెండు రొట్టెలు తిన్నడు. గోంగూర గూడ ఏసుకున్నడు."

వేలు ఒక్క రంధ్రం జరిగి మళ్ళీ ఆగింది.

"మరి నువ్వు?" అన్నాడు పెద్దాయన, అమ్మీ లాగే.

ఆ మాట అమ్మీ నిజంగా అందో, ఆ పాగల్ తన వీపు జేబులోంచి తీసి అతికించాడో చెప్పేవాళ్ళు ఇప్పుడెవరూ లేరు. పొద్దున షాపు తెరిచినప్పటి నుంచి నా కడుపులో చాయ్ నీళ్ళు తప్ప ఏమీ లేవన్నది మాత్రం నిజం.

"తినలే అమ్మీ" అన్నాను.

ఎవరో లేచి వెళ్ళి విస్తరాకు తెచ్చి నా ముందు వేశారు, అన్నం పెట్టి పప్పు పోశారు. వేలు రంధ్రాలు దాటి నున్నటి రీలు మీదికి జారింది. కారేపల్లి గేటు పడింది, మిర్చి బస్తాలామె ఆవలించింది, బైకువాడు పళ్ళు కుట్టుకున్నాడు. అదిగో రైలొచ్చిందని పెద్దాయన కళ్ళు తెరిచే సమయానికి నేనింకా తింటూనే ఉన్నాను.